గురువు నోరు కట్టేసి, శిష్యులకు తగవు పెట్టండి

మీ ఫాంటసీ నవలలోని అధ్యాయం చదివానండీ. ‘ప్రాణులన్నీ ఒక ఆదిశబ్దానికి ప్రతిధ్వనులే’ అన్న ఊహ బాగుంది. అందులోని గురువు పాత్ర దాన్ని మూడు పేజీలు వివరించడంతోనే వచ్చింది చిక్కు. అందుకే చదివినవాళ్లు ‘ఇది మన అద్వైతమే కదా’ అంటున్నారు.

శంకరులు, రామానుజులు, మధ్వాచార్యులు ముగ్గురూ భాష్యం రాసింది అవే బ్రహ్మసూత్రాలకు, అంటే వేదాంతపు పొట్టి మూలవాక్యాలకు. తేల్చింది మాత్రం మూడు దారులు. మీ మూలసూత్రం కూడా ఒక్క ముక్కలో, రెండర్థాలకు చోటిచ్చేలా ఉండాలి.

హైదరాబాద్‌లోనే ఉన్నారు కాబట్టి ఓ పొద్దున్నే గోల్కొండ వెళ్లి రండి. కోట ప్రవేశద్వారం గుమ్మటం కింద చప్పట్లు కొడితే కొండమీద బాలా హిస్సార్ మంటపంలో వినిపిస్తుంది. (ఆదివారం మాత్రం వద్దు, వచ్చిన ప్రతివాడూ కొడుతూనే ఉంటాడు.) పైన విన్నది కింద కొట్టిన చప్పుడేనా, దాని బిడ్డా? ఈ ప్రశ్న మీదే మీ కథలో శిష్యుల్ని రెండు శాఖలుగా చీల్చండి. ‘అదే’ అనే శాఖవాళ్లు చావుకు ఏడవరు, శబ్దం వెనక్కి వెళ్లిందంతే అంటారు. ‘బిడ్డ’ అనేవాళ్లు పురిటింట్లో ఎవరినీ నోరెత్తనివ్వరు, తొలి ఏడుపు మీద వేరే గొంతు పడకూడదని. ఇలాంటి ఆచారం ఒక్కటి పెడితే ఉపన్యాసం అక్కర్లేదు.

‘అన్నీ ప్రతిధ్వనులే అయితే హీరో యుద్ధం ఎందుకు చేస్తాడు’ అని కూడా అడిగారు. దానికి టెన్షన్ పడకండి, అతన్ని రెండో శాఖలో పుట్టించండి. చంపితే ఆ గొంతు మళ్లీ పుట్టదని నమ్మేవాడు కత్తి ఎత్తడానికే నలిగిపోతాడు.

పేర్లలో ‘బ్రహ్మ’, ‘మాయ’ తీసేయండి. అవి కనబడగానే పాఠకుడు మీ లోకం వదిలి ప్రవచనంలోకి వెళ్లిపోతున్నాడు.