గారు ఒకరికి, చావు ఇంకొకరికా?

సందేహం: న్యూ మెక్సికో గవర్నరుగా పనిచేసిన స్పానిష్ సైనికాధికారి హువాన్ బౌతిస్తా దె అన్సా జీవితాన్ని విద్యార్థుల కోసం రాస్తున్నాను. 'వెళ్లాడు' అనాలా, 'వెళ్లారు' అనాలా? నా వాక్యాలు చూడండి: '1779లో అన్సా గారు అమెరికా ఆదివాసులైన కొమాంచీలను ఓడించారు. వాళ్ల నాయకుడు క్వెర్నో వెర్దె చచ్చాడు.'

సమాధానం: వ్యాకరణం రెండింటినీ ఒప్పుకుంటుంది. కానీ ఒకే పోరులో తలపడిన ఇద్దరిలో ఒకరికి 'గారు' పెట్టి, తన నేల కోసం పోరాడిన రెండో మనిషిని 'చచ్చాడు' అనడం నాకు బాధ కలిగించింది. పిల్లలు ఎవరి పక్షం వహించాలో మీ క్రియాపదాలే చెప్పేస్తున్నాయి.

చరిత్ర రచనలో మనకు ఏకవచనమే అలవాటు. 'రాయలు ఉదయగిరిని ముట్టడించాడు' అని రాస్తే అమర్యాద అని ఎవరూ అనుకోరు. పేరులోనే బహువచనం ఉన్నా క్రియ ఏకవచనంలోనే నిలిచింది. అన్సాకూ అదే చాలు: '1736లో సొనోరాలోని ఫ్రొంతెరాస్‌లో పుట్టాడు. చిన్నతనంలోనే తండ్రి అపాచీ ఆదివాసుల చేతిలో హతుడయ్యాడు. 1775 అక్టోబరులో తుబాక్ నుంచి దాదాపు 240 మందిని వెంటబెట్టుకొని కాలిఫోర్నియాకు బయలుదేరాడు. మరుసటి ఏడాది శాన్ ఫ్రాన్సిస్కోలో కోటకు స్థలం ఎంపిక చేశాడు.' ఎక్కడా తడబాటు లేదు. 'ఆయన వెళ్లాడు' అనే నడిమి మర్యాద కూడా మంచి రచయితలు వాడేదే. అది నచ్చితే క్వెర్నో వెర్దెకూ అదే ఇవ్వండి.

ఆ ప్రయాణంలో తొలి రాత్రే ఒక తల్లి ప్రసవించి కన్నుమూసింది. ఈ సంగతి మీ వ్యాసంలో తప్పక ఉండాలి. అన్సా 'బయలుదేరారు' అయితే ఆమె కూడా 'కన్నుమూశారు' కావాలి. ఆడవారి విషయంలో ఈ తేడా మరీ కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. '-ది' ప్రత్యయాన్ని మనం పశువుకూ చెట్టుకూ కూడా వాడతాం కదా.

'గారు' తీసేయండి. 'చచ్చాడు' బదులు 'నేలకొరిగాడు' అనండి, యుద్ధంలో పడినవాడికి తగిన మాట అది. ఇక 1786 నాటి శాంతి ఒప్పందం గురించి 'అన్సా, కొమాంచీ నాయకుడు ఎక్వెరకాపా సంధి చేసుకున్నారు' అని రాయాల్సివస్తే దాన్ని మార్చకండి. అక్కడ కర్తలు ఇద్దరు కాబట్టి అది మామూలు బహువచనమే.