ఆ కొబ్బరిచెట్లకు తలలున్నాయి

ప్రశ్న: మాది అమలాపురం అండి. 1996 తుఫాను మీద 20 నిమిషాల డాక్యుమెంటరీ తీస్తున్నాను. మా మేనమామ పెళ్లికి వీడియో తీసినాయన, తుఫాను తర్వాత ఊళ్లో కూలిన ఇళ్లు, తోటలు కూడా తీశారట. ఆ వీహెచ్‌ఎస్ క్యాసెట్టు మా బీరువాలో దొరికింది, కానీ బూజు పట్టింది. అది చాలకపోతే యూట్యూబ్‌లో దొరికే పాత వరద ఫుటేజి కలుపుకోవచ్చా?

జవాబు: వద్దు బాబూ. ఆ పని నేను చేసి తిట్లు తిన్నాను.

టీవీలో ఎడిటర్‌గా ఉన్నప్పటి సంగతి. ఈ తుఫాను మీదే ఒక కథనం, సాయంత్రానికి ఇచ్చెయ్యాలి. షెల్ఫులో ‘కోనసీమ, నీళ్లు’ అని రాసున్న టేపు కనిపించింది. అందులోంచి 15 సెకన్లు తీసి అతికించేశాను. ప్రసారమయ్యాక రాజోలు వైపునుంచి ఒక పెద్దాయన ఫోన్ చేశారు. “ఇది తుఫాను కాదండీ, ఎనభయ్యారు వరద. కొబ్బరిచెట్లు చూడండి, తలలున్నాయి!” మళ్లీ వేసి చూశాను. ఎర్రనీళ్లలో చెట్లు మట్టలతో సహా నిటారుగా నిలబడున్నాయి. 1986 ఆగస్టులో గోదావరి పొంగినప్పటివి. 1996 నవంబరు 6 రాత్రి గాలికి అక్కడి తోటల్లో ఎన్ని చెట్లకు మొవ్వు మిగిలింది గనక? అది నాకు తెలియనిదేం కాదు. టేపు మీది అక్షరాలే చూశాను, బొమ్మ చూడలేదు. అప్పట్నుంచి ప్రతి షాట్‌కూ ఎవరు తీశారు, ఎక్కడ, ఎప్పుడు అని నోట్‌బుక్‌లో రాసుకున్నాకే టైమ్‌లైన్ మీద పెట్టేవాణ్ణి.

పైగా యూట్యూబ్‌లో పెట్టినవాళ్లే సొంతదారులు కానక్కర్లేదు. మన చట్టంలో సినిమాకు (వీడియో కూడా ఆ లెక్కలోకే వస్తుంది) కాపీరైట్ విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. క్యాసెట్టు మీ బీరువాలో ఉన్నంత మాత్రాన మీదైపోదు కూడా. మీ మామయ్య డబ్బిచ్చి తీయించుకున్న పెళ్లి వేరు. తుఫాను దృశ్యాలు ఆ వీడియో ఆయన తనంతట తాను తీసినవైతే హక్కు ఆయనదే. వెళ్లి కలవండి, కాగితం మీద సంతకం తీసుకోండి, టైటిల్స్‌లో పేరు వేయండి.

ఆ క్యాసెట్టును మాత్రం వీసీఆర్‌లో పెట్టకండి! బూజు, టేపును చదివే హెడ్డుకు అంటుకుంటుంది, తర్వాత పెట్టిన మంచి క్యాసెట్టుకూ పాకుతుంది. పాత టేపులు శుభ్రం చేసి డిజిటల్‌లోకి మార్చేవాళ్లకు ఇచ్చి, పక్కనే కూర్చోండి. బొమ్మ 720 బై 576 పిక్సెళ్లు, సెకనుకు 25 ఫ్రేములు, ఉన్నదున్నట్టు తీసుకోమనండి. 4:3 బొమ్మను (వెడల్పు నాలుగు పాళ్లు, ఎత్తు మూడు పాళ్లు) ఇప్పటి వెడల్పు టీవీ నిండా సాగదీస్తే మనుషులు పొట్టిగా, లావుగా కనిపిస్తారు. రెండుపక్కలా నల్లపట్టీలు ఉంటే ఉండనివ్వండి.

ఇక ఫుటేజి చాలకపోవడం అంటారా, తుఫాను తీరం దాటింది రాత్రి. ఆ చీకట్లో, ఆ గాలిలో కెమెరా ఎవరు తీస్తారు? తెర నల్లగా వదిలేసి, మీ ఇంట్లో పెద్దవాళ్లెవరైనా ఉంటే పెంకులు ఎప్పుడు లేచిపోయాయో వాళ్ల గొంతుతో చెప్పించండి. రికార్డు చేసేటప్పుడు ఫ్యాను ఆపడం మరచిపోకండి.