ఆర్డీవో ఉత్తర్వుకు ‘ధిక్కారం’ వర్తిస్తుందా?

సందేహం: మా పొలం విషయంలో ఆర్డీవో గారు అప్పీలులో మాకు అనుకూలంగా ఉత్తర్వు ఇచ్చారు. తహసీల్దారు మాత్రం అడంగల్‌లో పేరు మార్చడం లేదు. ‘ఉత్తర్వు ఇంతవరకు అమలు కాలేదు, ధిక్కారం కేసు వేస్తాను’ అని అర్జీ రాసుకున్నాను. మా ఊరి మాస్టారు చూసి ‘ధిక్కారం కాదు, ధిక్కరణ అనాలి’ అన్నారు. ఏది ఒప్పు? – ఒక పాఠకుడు

సమాధానం: రెండూ ఒప్పే. తిరస్కారం, తిరస్కరణ ఉన్నట్టే ఇవీనూ. అయితే తిరస్కరణ అంటే ఒట్టి కాదనడం, తిరస్కారంలో కాస్త చులకన కూడా ఉంటుంది. ధిక్కారంలోనూ అలాంటి వేడే ఉంది. ‘ధిక్కార స్వరం’ అంటాం గానీ ‘ధిక్కరణ స్వరం’ అనం కదా! కోర్టు వార్తల్లో రెండూ కనిపిస్తాయి. మాస్టారితో పేచీ అక్కర్లేదు.

అసలు చిక్కేమిటంటే, మీ అర్జీలో ఆ రెండు మాటలకూ ఇంకా చోటు లేదు. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం ప్రకారం కోర్టు ఉత్తర్వును బుద్ధిపూర్వకంగా పాటించకపోయినా, కోర్టుకిచ్చిన హామీని బుద్ధిపూర్వకంగా తప్పినా మాత్రమే సివిల్ ధిక్కారం. పాలనాధికారి ఉత్తర్వును కింది అధికారి పక్కన పడేస్తే మనకు ఎంత ఒళ్లు మండినా, చట్టం దాన్ని ధిక్కారం అనదు. దానికి దారి రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్. చట్టప్రకారం చేయాల్సిన పని అధికారి చేయనప్పుడు, చేయమని కోర్టు ఆదేశించే రిట్టే మాండమస్. హైకోర్టు గడువు పెట్టి చేయమన్నాక కూడా తహసీల్దారు కావాలని కదలకపోతే, అప్పుడు మీ ధిక్కారం (లేదా మాస్టారి ధిక్కరణ) నిక్షేపంగా వాడుకోవచ్చు. పైగా ఆర్డీవో ఉత్తర్వు మీద స్టే ఏదైనా ఉంటే కథ మళ్లీ మారుతుంది, అది ముందే కనుక్కోండి.

నాకు ధిక్కారం కన్నా ‘అమలు కాలేదు’ అన్న మాటే ఎక్కువ ఇబ్బందిగా ఉంది. వాన పడలేదు, పంట పండలేదు అన్నట్టు దానంతటదే జరగాల్సింది జరగలేదన్న ధ్వని అందులో ఉంది. చేయాల్సిన మనిషి వాక్యంలోంచి జారుకున్నాడు. ఆఫీసు ఫైళ్లకు ఆ రాత హాయి. మీకు కాదు. మాండమస్ అడిగేటప్పుడు ఈ పని ఎవరు చేయాలి, చేయమని మీరు అడిగారా, అడిగినా చేయలేదా అన్నవే కోర్టు మామూలుగా చూస్తుంది. అందుకే కర్తను దాచకండి: ‘ఫలానా తేదీన ఆర్డీవో గారు ఇచ్చిన ఉత్తర్వును తహసీల్దారు గారు అమలు చేయలేదు. ఫలానా తేదీన నేను రాతపూర్వకంగా కోరాను. అయినా అడంగల్‌లో నా పేరు నమోదు చేయలేదు.’ ఇంతే చాలు. ‘గారు’ తీసేయకండి, కోపం తేదీల్లోనే కనబడుతుంది.

‘ఉల్లంఘించారు’ అని కూడా కొందరు రాస్తారు. ఉల్లంఘన అంటే దాటడం. వద్దన్నది చేసిన చోట అది బాగా నప్పుతుంది. చేయమన్నది చేయకుండా కూర్చున్న మనిషికి ‘అమలు చేయలేదు’ అన్నదే సూటి మాట.

అర్జీ రెండు ప్రతులు తీసి, ఒకదాని మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకోండి. రేపు రిట్ పిటిషన్‌కు జత చేయాల్సిన కాగితం అదే.