పాఠకుల ప్రశ్నలు: కంపెనీ జట్లు ఎలా పుట్టాయి, ఎలా పోయాయి

ప్రశ్న: మా ఊళ్ళో రైల్వే వాళ్ళు స్పోర్ట్స్ కోటాలో ఆటగాళ్ళకు ఉద్యోగాలిస్తారు. అమెరికాలో ఫిలిప్స్ సిక్స్టీసిక్సర్స్ అనే పెట్రోలు కంపెనీ జట్టు బాస్కెట్‌బాల్‌లో ఒలింపిక్స్ దాకా వెళ్ళిందట. ఉద్యోగస్తుల జట్టుకు అది ఎలా సాధ్యమైంది? తర్వాత ఎందుకు మూతపడింది?
– గుంతకల్లు, అనంతపురం జిల్లా

జవాబు: ఒక్లహోమా రాష్ట్రంలోని బార్ట్‌ల్స్‌విల్ అనే చిన్న ఊరు ఫిలిప్స్ పెట్రోలియం కంపెనీకి కేంద్రంగా ఉండేది. 1920ల్లో అక్కడి ఉద్యోగులే జట్టు కట్టుకున్నారు. తొలినాళ్ళలో అందులో ఆడిన బూట్స్ ఆడమ్స్ 1938లో కంపెనీకే అధ్యక్షుడయ్యాడు. జట్టు దశ తిరగడంలో ఈ సంగతికి చాలా పాలుంది. అమెచ్యూర్ (ఆటకు డబ్బు తీసుకోని) ఆటగాళ్ళ సంఘమైన అమెచ్యూర్ అథ్లెటిక్ యూనియన్ జాతీయ టైటిల్‌ను ఆ జట్టు 11 సార్లు గెలిచింది: 1940లో, 1943 నుంచి 1948 దాకా వరసగా ఆరుసార్లు, ఆపై 1950, 1955, 1962, 1963ల్లో.

కిటుకు జీతంలో ఉంది. కాలేజీ చదువు ముగించిన మంచి ఆటగాడికి కంపెనీ ఉద్యోగం ఇచ్చేది. జీతం ఉద్యోగానికే, ఆటకు కాదు. కాబట్టి అతను అమెచ్యూర్‌గానే మిగిలి, ఒలింపిక్స్‌కు అర్హుడయ్యేవాడు. అప్పట్లో డబ్బు తీసుకుని ఆడేవాళ్ళకు ఆ తలుపు మూసి ఉండేది. 1989లో గానీ అంతర్జాతీయ బాస్కెట్‌బాల్ సమాఖ్య దాన్ని తెరవలేదు. పైగా 1940ల్లో ప్రొఫెషనల్ లీగుల మీద ఎవరికీ నమ్మకం లేదు, ఏ జట్టు ఎన్నాళ్ళుంటుందో తెలియదు. ముప్పై రెండేళ్ళకు ఆట అయిపోతే ఆ తర్వాత ఏంటి? ఏడడుగుల బాబ్ కర్లాండ్ దీనికి సరైన ఉదాహరణ. 1945, 1946ల్లో కాలేజీ టైటిళ్ళు గెలిచి ఫిలిప్స్‌లో చేరాడు, ఆరు సీజన్లు ఆడాడు, 1948, 1952 ఒలింపిక్స్ రెండింట్లోనూ స్వర్ణం తెచ్చాడు. ప్రొఫెషనల్ ఆట ఒక్కటీ ఆడకుండా అదే కంపెనీలో రిటైరయ్యాడు.

1948 ఒలింపిక్ ఎంపిక పోటీల ఫైనల్లో ఫిలిప్స్ 53-49తో కెంటకీ యూనివర్సిటీని ఓడించింది. అమెరికా జట్టులోకి ఈ రెండింటి నుంచీ అయిదుగురేసి వెళ్ళారు, లండన్ ఫైనల్లో ఫ్రాన్స్‌ను 65-21తో చిత్తు చేశారు. 1952లో ఆ వంతు బుల్డోజర్ల కంపెనీ క్యాటర్‌పిల్లర్ వాళ్ళ పియోరియా జట్టుకు వచ్చింది. ఆ ఏడు సోవియట్ మీద ఫైనల్ స్కోరు 36-25 అని చూసి అచ్చు తప్పనుకోకండి. షాట్ క్లాక్ లేని రోజులవి, బంతిని ఎంతసేపైనా అట్టిపెట్టుకోవచ్చు. 30 సెకన్లలోపు షాట్ వేయాలనే నియమం 1956లో వచ్చింది.

ఇక మూత సంగతి. ప్రొఫెషనల్ లీగు ఎన్‌బీఏ నిలదొక్కుకుని జీతాలు పెరిగేకొద్దీ మంచి ఆటగాళ్ళు అటు పోయారు. అంతకంటే పెద్ద దెబ్బ, ఆడటానికి ఎదుటి జట్లు లేకపోవడం. 1947లో మొదలైన కంపెనీ జట్ల లీగు, పరిశ్రమలు ఒక్కొక్కటే తప్పుకోవడంతో 1961లో ముగిసింది. ఫిలిప్స్ 1968 దాకా లాక్కొచ్చి ఆపేసింది.

ప్రశ్న: డెట్రాయిట్ కార్ల ఊరు కాబట్టే అక్కడి ఎన్‌బీఏ జట్టుకు పిస్టన్స్ అని పేరు పెట్టారా?
– ప్రొద్దుటూరు, కడప జిల్లా

జవాబు: కాదు. ఫ్రెడ్ జోల్నర్‌కు ఇండియానా రాష్ట్రం ఫోర్ట్ వేన్‌లో పిస్టన్ల ఫ్యాక్టరీ ఉండేది. జట్టు దానిదే, పేరు కూడా. 1957లో డెట్రాయిట్‌కు మారినా పేరు మారలేదు, అంతే.

ప్రశ్న: మూతపడిన ఒక మిల్లు బాస్కెట్‌బాల్ జట్టు చరిత్ర రాయాలని మా ప్రయత్నం. కొన్ని కప్పులు, ఫోటోలు, తేదీల్లేని స్కోరు షీట్లు దొరికాయి. ఎక్కడ మొదలుపెట్టాలి?
– ఆదోని, కర్నూలు జిల్లా

జవాబు: ముందు స్కోరు షీట్లు. తేదీ లేకపోయినా నియమాలే కాలం చెబుతాయి. షీటులో త్రీ పాయింటర్ (దూరపు గీత బయటి నుంచి వేస్తే వచ్చే మూడు పాయింట్లు) కనిపిస్తే అది 1984కు ముందుది కాదు, ఎందుకంటే అంతర్జాతీయ నియమాల్లోకి ఆ గీత అప్పుడే వచ్చింది. రెండు అర్ధభాగాలు 20 నిమిషాలేసి ఉంటే పాతది. పది నిమిషాల క్వార్టర్లు నాలుగుంటే 2000 తర్వాతది. జెర్సీ నంబరు చూసి మనిషిని పోల్చకండి. అప్పటి నియమంలో నంబర్లు 4 నుంచి 15 వరకే, ఒకరు మానేస్తే అదే జెర్సీ ఇంకొకరికి పోయేది.

కప్పులను పాలిష్ పెట్టి తోమొద్దు, చెక్కిన అక్షరాలు అరిగిపోతాయి. చీకటి గదిలో టార్చి పక్కవాటుగా పట్టుకుంటే పల్చబడిన గీతలు కూడా నీడల్లో తేలతాయి. రోలింగ్ షీల్డు (ఏటా గెలిచిన జట్టు చేతికి మారేది) అయితే ఏటా బిగించిన చిన్న బిళ్ళలన్నీ రాసుకోండి. డిసెంబరులో మొదలై జనవరిలో ముగిసే టోర్నీకి సర్టిఫికెట్ మీద ఒక ఏడు, కప్పు మీద ఇంకో ఏడు ఉండొచ్చు. రెండూ లెక్కేస్తే ఒక గెలుపు రెండవుతుంది. ఇలాంటి చరిత్రల్లో ఎక్కువగా దొర్లే తప్పు ఇదే.

షీటులో పేరున్నంత మాత్రాన మిల్లు ఉద్యోగి అనుకోకూడదు. ఊరి టోర్నీల్లో బయటి నుంచి గెస్ట్ ప్లేయర్లను తెచ్చుకోవడం మామూలే. మస్టర్ రోలుతోనో పీఎఫ్ చీటీతోనో సరిచూడండి. పాత పత్రికల్లో వెతికేటప్పుడు మిల్లు పేరొక్కటే చాలదు, యజమాని పేరుతోనూ ఊరి పేరుతోనూ కూడా చూడాలి.

పెద్దలను విడివిడిగా అడగండి, చేతికి ఫోటో ఇచ్చి మరీ. ‘ఏ సంవత్సరం?’ అంటే తడుముకుంటారు. ‘ఎన్టీఆర్ ముఖ్యమంత్రి కాకముందా, అయ్యాకా?’ అంటే 1983కు అటో ఇటో తేలిపోతుంది. వాళ్ళు చెప్పిన పేర్లు ఫోటో వెనక మెత్తటి పెన్సిలుతో, అంచుల్లో మాత్రమే రాయండి. బాల్‌పెన్ను ఒత్తిడి ముందువైపు ముఖాల మీద గుంటలు పడేస్తుంది.