వ్యాపారి ఎమ్మెల్యే అయితే వ్యాపారం మానుకోవాలా?

మానుకోనక్కరలేదు. పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీ ఉన్నవారైనా, రాజాంలో జూట్ మిల్లు ఉన్నవారైనా శాసనసభ్యులుగా ఉంటూనే దాన్ని నడుపుకోవచ్చు. చిక్కల్లా ప్రభుత్వంతో నేరుగా కుదుర్చుకునే కాంట్రాక్టులతోనే.

ప్రజాప్రాతినిధ్య చట్టం (1951) 9ఎ సెక్షన్ ప్రకారం, రాష్ట్ర ప్రభుత్వానికి సరుకు సరఫరా చేయడానికో, ప్రభుత్వ పనులు చేయడానికో తన వ్యాపారంలో భాగంగా ఒప్పుకున్న కాంట్రాక్టు అమల్లో ఉన్నంతకాలం ఆ వ్యక్తి అనర్హుడు. నాగావళి కరకట్ట పని సగంలో ఉన్న కాంట్రాక్టరు నామినేషన్ వేస్తే పరిశీలనలోనే తిరస్కరించవచ్చు. తన వంతు పనంతా పూర్తయి, బిల్లు మాత్రమే రావలసి ఉంటే అభ్యంతరం లేదు. గెలిచాక ఇలాంటి వివాదం వస్తే ఎన్నికల సంఘం అభిప్రాయం తీసుకుని, దాని ప్రకారం గవర్నర్ తేలుస్తారు.

మరి టెక్కలి వైపు గ్రానైట్ క్వారీల మాటేమిటి? గని లీజు ఈ సెక్షన్ కిందికి రాదని సుప్రీంకోర్టు ఎప్పుడో చెప్పింది. నాకైతే ఇది సబబుగా తోచదు. లీజు ఇచ్చేదీ, రద్దు చేసేదీ ప్రభుత్వమే కదా.

భార్య పేరున ఉన్న కాంట్రాక్టు దానంతటదే అనర్హత కాదు. కానీ నామినేషన్‌తో ఇచ్చే ఫారం 26 అఫిడవిట్‌లో దాన్ని చూపించి తీరాలి. అభ్యర్థికి వాటా ఉన్న భాగస్వామ్య సంస్థల, ప్రైవేటు కంపెనీల కాంట్రాక్టులు కూడా అందులోనే ఉంటాయి. ఎన్నికల సంఘం వెబ్‌సైట్‌లో ఎవరైనా చూడవచ్చు. ఆస్తుల మొత్తం కన్నా ముందు ఆ పేజీ చదవండి.