ఎకరాకు 9 లక్షలే ఎందుకు కట్టారంటే

పక్క చేలు 20 లక్షల పైనే పోతుంటే, కాలువకు ప్రభుత్వం తీసుకున్న మీ రెండెకరాలకు ఎకరం 9 లక్షలే మార్కెట్ విలువ వేశారంటే రిజిస్ట్రేషన్ విలువ ఒక్కటే చూసినట్టుంది. 2013 భూసేకరణ చట్టం 26వ సెక్షన్ ప్రకారం చుట్టుపక్కల అమ్మకాల సగటు కూడా చూసి, ఏది ఎక్కువైతే అదే తీసుకోవాలి.

1. సేకరణకు ముందు మూడేళ్లలో మీ ఊళ్లో, పక్క ఊళ్లో అలాంటి భూముల సేల్ డీడ్లకు సర్టిఫైడ్ కాపీలు తీయండి. ఆరు దొరికాయనుకుందాం, ఎకరాకు: 10, 12, 14, 20, 22, 24 లక్షలు. ఎక్కువ ధర పలికిన సగమే లెక్కలోకి వస్తుంది. అంటే చివరి మూడింటి సగటు, 22 లక్షలు. మొత్తం సగటు 17 కాదు.

2. గ్రామీణ గుణకం (పల్లె భూమి మార్కెట్ విలువను హెచ్చించే అంకె, 1 నుంచి 2 దాకా), చెట్లు, బోరు విలువ, ఆపైన 100 శాతం సొలేషియం (భూమి పోయినందుకు అదనంగా ఇచ్చే సొమ్ము) కలిపారో లేదో అవార్డు (పరిహారం ఖరారు చేస్తూ కలెక్టర్ ఇచ్చే ఉత్తర్వు) కాపీలో చూడండి.

3. చాలామంది బోల్తా పడేది ఇక్కడే. డబ్బు తీసుకోండి, కానీ రసీదు మీద "అభ్యంతరంతో తీసుకుంటున్నాను" అని మీ చేత్తో రాసి సంతకం పెట్టండి. ఉత్త సంతకం పెడితే పెంచమని అడిగే హక్కు పోతుంది. క్లర్కు "అవసరం లేదండీ" అన్నా వినకండి. ఆ కాగితాన్ని ఫోన్లో ఫొటో తీసుకోండి.

4. అవార్డు ఇచ్చినప్పుడు మీరు అక్కడే ఉంటే, ఆ తేదీ నుంచి ఆరు వారాల్లోపు 64వ సెక్షన్ కింద కలెక్టర్‌కు అర్జీ పెట్టండి. డీడ్ల కాపీలు దానికి జతచేయండి.