షాంఘై నుంచి ఒక్కరోజులో కాలువల ఊళ్లు: ఏ ఊరు, గైడ్ ఎప్పుడు అవసరం

షాంఘైలో ఒక రోజు ఖాళీ ఉంది, 60 దాటిన అమ్మానాన్న వెంట ఉన్నారు, కాలువల మీద కట్టిన పాత ఊళ్లలో దేనికి వెళ్లాలి, గైడ్ టూర్ తీసుకోవాలా అని అడిగారు. సూటిగా చెప్తాను. ఒక రోజుకి ఒకే ఊరు పెట్టుకోండి. పెద్దవాళ్లతో అయితే కారూ గైడూ మాట్లాడుకుని తొంగ్లీ వెళ్లండి. ఖర్చు తగ్గాలంటే మెట్రో ఎక్కి, గైడ్ లేకుండా జూజియాజియావ్ వెళ్లండి. రెండు ఊళ్లు, పక్కనున్న సూజో నగరంలో ఒక తోట, పట్టు ఫ్యాక్టరీ అన్నీ ఒకే రోజులో చూపిస్తామనే బస్సు టూర్ ఎంత చవగ్గా దొరికినా వద్దు.

ఎందుకో గంటల లెక్క వేసి చూడండి. అలాంటి బస్సు 8కి బయల్దేరుతుంది. రెండు మూడు హోటళ్ల దగ్గర మనుషుల్ని ఎక్కించుకుని నగరం దాటేసరికి 9. ఈ ఊళ్లలో జోజ్వాంగ్ షాంఘై నడిబొడ్డు నుంచి సుమారు 70 కిలోమీటర్లు, వూజెన్ దాదాపు 140. ఊరి గేటు దగ్గర దిగేది పదిన్నర ప్రాంతంలో. టికెట్లకీ టాయిలెట్లకీ అరగంట పోతుంది. పన్నెండున్నరకి అందరికీ కలిపి భోజనం. ఆ తర్వాత ముత్యాల షాపు, ఆ పైన రెండో ఊరు. మీరు కాలువ పక్కన నిజంగా నడిచేది గంటన్నర కూడా ఉండదు, అదీ అన్ని బస్సులూ ఒకేసారి దిగే వేళలో. ఈ ఊళ్లలో 11 నుంచి 3 దాకా రెండు మీటర్ల సందుల్లో భుజాలు రాసుకుంటూ నడవాలి. అవే సందులు ఉదయం 9కి ముందూ సాయంత్రం నాలుగున్నర తర్వాతా తేలిగ్గా ఉంటాయి. అందుకే టూర్ కొనేముందు ఊళ్లో ఎన్ని గంటలు వదులుతారో అడగండి. నాలుగు గంటలకు తక్కువైతే వదిలేయండి.

ఇక ఊళ్లు. జూజియాజియావ్ షాంఘైలోని చింగ్పూ జిల్లాలోనే ఉంది. 2017 డిసెంబరులో మొదలైన మెట్రో 17వ లైన్ హోంగ్‌చావ్ రైల్వే స్టేషన్ నుంచి సుమారు 40 నిమిషాల్లో దింపుతుంది. స్టేషన్ నుంచి పాత ఊరు నడిచే దూరమే. ఊళ్లోకి టికెట్ లేదు, లోపలి ఇళ్లకీ తోటలకీ మాత్రమే ఉంది. 1571లో కట్టిన ఐదు కమానుల ఫాంగ్‌షెంగ్ వంతెన ఇక్కడి ముఖ్య దృశ్యం. ఈ ఊరికి గైడ్ మీద డబ్బు పెట్టడం అనవసరం. దారి తప్పేంత పెద్దది కాదు, వెళ్లిరావడం కూడా సులువే. ఉదయం 8కల్లా వంతెన మీద ఉండేలా బయల్దేరండి, 11కల్లా వెనక్కి తిరగండి.

జోజ్వాంగ్ అన్నిటికన్నా పేరున్నది. 1984లో చిత్రకారుడు చెన్ యీఫే ఇక్కడి జంట వంతెనను గీసిన తర్వాతే ఈ ఊరు బయటి లోకానికి బాగా తెలిసింది. ఊళ్లోకి టికెట్ 100 యువాన్ల స్థాయిలో ఉంటుంది, యువాన్ 12 రూపాయల లెక్కన సుమారు 1,200 రూపాయలు. జంట వంతెన దగ్గర ఫొటోకి క్యూ ఉంటుంది. దానికన్నా ఝాంగ్ వారి ఇంట్లో ఎక్కువసేపు గడపండి. ఇంటి లోపలి నుంచే సన్నని కాలువ పోతుంది. పల్లకీ ముందు వాకిలి నుంచి, పడవ ఇంటి నడుమ నుంచి వచ్చేలా కట్టారు. 1742 నాటి షెన్ వారి ఇల్లు 100కు పైగా గదులతో ఒక అంగణం వెనక మరో అంగణంగా లోపలికి సాగుతుంది. మన మండువా లోగిళ్లను ఐదారు వరసగా కలిపినట్టుంటుంది. ఇలాంటి ఇళ్లలో గైడ్ నిజంగా అక్కరకొస్తాడు, లేకపోతే అన్ని గదులూ ఒకేలా కనిపించి పది నిమిషాల్లో బయటికొచ్చేస్తారు.

తొంగ్లీని పెద్దవాళ్ల కోసం ఎంచుకోవడానికి కారణాలున్నాయి. దారులు కొంచెం వెడల్పు, కూర్చునే చోట్లు ఎక్కువ, చాలా వంతెనలు తక్కువ ఎత్తువి. జనం ఇంకా ఇళ్లలో ఉంటున్నారు. మెట్ల మీద కూరలు కడుగుతూ, బట్టలు ఆరేస్తూ కనిపిస్తారు. పైగా 1885-1887 మధ్య కట్టిన త్వీసీ తోట ఇక్కడే ఉంది. సూజో తోటలకిచ్చిన యునెస్కో గుర్తింపును 2000లో దీనికీ వర్తింపజేశారు. ఉన్న స్థలం ఎకరంన్నర పైచిలుకే అయినా మండపాలన్నీ నీటి అంచుకి దాదాపు ఆనుకునేంత కిందకు కట్టడం వల్ల విశాలంగా అనిపిస్తుంది. ఊళ్లో దగ్గరదగ్గరగా మూడు వంతెనలున్నాయి. పెళ్లినాడూ 66వ పుట్టినరోజునాడూ ఆ మూడూ దాటడం అక్కడి ఆచారం. మీ అమ్మానాన్నల్లో ఎవరికైనా 66 దగ్గర్లో ఉంటే గైడుకి చెప్పండి, ఆ దారినే నడిపిస్తాడు.

సొంతంగా వెళ్లాలన్నా తొంగ్లీకి దారుంది. షాంఘై నుంచి వేగపు రైల్లో సూజోకి సుమారు అరగంట, అక్కడ మెట్రో 4వ లైన్ ఎక్కి చివరి స్టేషన్ తొంగ్లీలో దిగి, బస్సు గానీ టాక్సీ గానీ పట్టుకోవాలి. రైలు, మెట్రో, బస్సు, మళ్లీ నడక అంటే పెద్దవాళ్లకి శ్రమే. అందుకే కారు అన్నాను.

వూజెన్ అందంగా ఉంటుంది, రాత్రి దీపాల్లో మరీను. కానీ అది ఒక రాత్రి ఉండాల్సిన ఊరు. తూర్పు భాగం సాయంత్రమే మూసేస్తారు, పడమటి భాగం రాత్రి దాకా తెరిచి ఉంటుంది. డే టూర్లు చాలావరకు పడమటి భాగానికి దీపాలు పెట్టకముందే వెనక్కి తిప్పేస్తాయి. అంత దూరం వెళ్లి అసలు వేళకి లేకపోతే ఏం లాభం? షీతాంగ్‌లో కాలువ వెంట దాదాపు కిలోమీటరు పొడవున పెంకుల కప్పున్న నడవ ఉంది, వాన రోజుకి అదే మంచి ఎంపిక. నాన్షున్‌కి 2024 డిసెంబరులో మొదలైన షాంఘై-సూజో-హూజో రైలు మార్గంలో నేరుగా స్టేషన్ వచ్చింది. రద్దీ తక్కువ కావాలనుకునేవాళ్లు చూడండి.

టూర్ అమ్మేవాళ్లకి ఈ ప్రశ్నలు రాతలో పంపండి, జవాబూ రాతలోనే తీసుకోండి: ఊరి టికెట్ ధరలో కలిసిందా? పడవ కలిసిందా, కలిస్తే మాకు విడిగానా, వేరేవాళ్లతో కలిపా? షాపుల దగ్గర ఆపుతారా, ఎన్నిచోట్ల? గైడ్ ఇంగ్లీషులోనే చెప్తాడా, రెండు భాషల్లో మార్చి మార్చి చెప్తాడా? రెండు భాషల గుంపులో చైనీయులు ఎక్కువ ఉంటే మీకు దక్కేది వివరణలో పావు వంతే. గుంపులో మొత్తం ఎందరు? కారు ఊరి గేటు దాకా వస్తుందా, పార్కింగ్ దగ్గరే ఆగుతుందా? జోజ్వాంగ్ లాంటి చోట్ల పార్కింగ్ నుంచి గేటు దాకా బ్యాటరీ బండికి వేరే డబ్బు అడగొచ్చు.

షాపుల సంగతి మరీ జాగ్రత్త. టూర్ ధర ఊరి టికెట్లకూ బస్సు ఖర్చుకూ కలిపినదానికన్నా తక్కువగా కనిపిస్తే, మిగతాది పట్టు దుప్పట్లు, మంచినీటి ముత్యాలు, జేడ్ రాళ్లు అమ్మే దుకాణాల కమీషన్ నుంచి వస్తోందని అర్థం. 2013 అక్టోబరు 1 నుంచి అమల్లో ఉన్న చైనా పర్యాటక చట్టం ఇలాంటి చవక టూర్లతో వల వేసి షాపింగ్ కమీషన్లు తీసుకోవడాన్ని నిషేధించింది. అయినా 'ప్రదర్శన', 'తయారీ చూడటం' అన్న పేర్లతో కార్యక్రమంలో చేరుస్తారు. పట్టు పురుగుల నుంచి దారం తీయడం చూడాలని మీకే ఉంటే తప్పులేదు, కొనక్కర్లేదు. అమ్మానాన్న మొహమాటపడి కొనేస్తారనుకుంటే ముందే వాళ్లకి చెప్పి ఉంచండి.

గైడ్ మంచివాడో కాదో ఊళ్లోకెళ్లిన పది నిమిషాల్లో తెలిసిపోతుంది. కాలువ గోడల్లో చెక్కిన చిన్న రాతి చిల్లులు చూపించాలి, పడవల తాళ్లు కట్టేవి వాటికే. ఇళ్ల వెనక తలుపు నీటి మెట్ల మీదికి ఎందుకు తెరుచుకుంటుందో, వంతెనలకు అంత ఎత్తు కమాను ఎందుకో చెప్పాలి. సరుకూ ధాన్యమూ పడవల మీదే వచ్చేవి కాబట్టి కింద నుంచి నిండు పడవ దూరేంత ఎత్తు అవసరమైంది. తాయ్‌హూ సరస్సు చుట్టూ పల్లపు నేల, కాలువలు తవ్వి నీళ్లు పారించి వరి, పట్టు పండించిన ప్రాంతం ఇది. గోదావరి, కృష్ణా డెల్టా కాలువల గట్ల మీద పెరిగినవాళ్లకి ఈ వివరణ ఇట్టే ఎక్కుతుంది. ఇవేవీ లేకుండా జెండా పట్టుకుని 'ఇక్కడ ఫొటో, అక్కడ ఫొటో' అని నడిపిస్తుంటే కలిసే చోటూ సమయమూ మాట్లాడుకుని మీరు విడిగా తిరగండి. ఆ విడి సమయం గంటకు తగ్గకుండా ఉండాలని కూడా ముందే అడిగి పెట్టుకోండి.

పడవకు డబ్బు సాధారణంగా మనిషికి కాదు, పడవకే. ధరల బోర్డు రేవులో ఉంటుంది. కొన్ని ఊళ్లలో ఆరుగురు, కొన్నింట్లో ఎనిమిది మంది ఎక్కొచ్చు కాబట్టి ముగ్గురే ఉంటే ఇంకో కుటుంబంతో కలుపుకోవడం లాభం. వెనక ఒకే పొడవాటి తెడ్డుని నీళ్లలోంచి తీయకుండా అటూ ఇటూ ఆడిస్తూ నడుపుతారు. పక్క తెడ్లకు చోటు చాలని కాలువలకి సరిపోయిన పద్ధతి అది. పాట పాడటానికి వేరే డబ్బు అడిగే చోట్లున్నాయి, ఎక్కేముందే ఎంతో తేల్చుకోండి. లాంగ్ ట్రిప్, షార్ట్ ట్రిప్ అని రెండుంటే పెద్దవాళ్లకి లాంగ్ ట్రిప్ తీసుకోండి. నడక తగ్గుతుంది.

భోజనం దగ్గర శాకాహారులకి ఇబ్బంది ఎక్కువ. ఆకుకూర కూడా పంది కొవ్వులో వేయించొచ్చు, సూప్‌లో కోడి రసం ఉండొచ్చు, సాస్‌లో ఆల్చిప్ప ఉండొచ్చు. 'వొ ఛ్ర్ సూ' అంటే 'నేను శాకాహారిని' అని అర్థమవుతుంది గానీ అంతటితో సరిపోదు. మాంసం, చేప, పంది కొవ్వు, మాంసపు రసం ఏవీ వద్దని గైడ్ చేత చైనా అక్షరాల్లో రాయించి ఫోన్‌లో పెట్టుకోండి. తామర దుంప రంధ్రాల్లో జిగురు బియ్యం కూరి తియ్యగా వండేది, టమాటా-గుడ్డు కూర (గుడ్డు తినేవాళ్లకి) దాదాపు అన్నిచోట్లా దొరుకుతాయి. ఆకుల్లో చుట్టిన బియ్యపు పొట్లాలు మాత్రం ఎక్కువగా పంది మాంసంవే, ఎర్ర చిక్కుడు పూరణం ఉన్నవి కూడా పంది కొవ్వు కలపలేదని అడిగాకే తీసుకోండి. పొడి చిరుతిళ్లు కొంచెం వెంట ఉంచుకుంటే మంచిది.

పాత రాళ్లు వానకి జారతాయి, కాలువ గట్లకి చాలాచోట్ల పట్టుకోడానికి కమ్మీలుండవు. రబ్బరు అడుగున్న బూట్లు తప్పనిసరి. టాయిలెట్లు ఎక్కువగా కింద కూర్చునేవే, మోకాళ్ల నొప్పులుంటే సందర్శకుల కేంద్రంలోనే కుర్చీ టాయిలెట్ వాడుకుని కదలండి. టిష్యూలు జేబులో ఉండాలి. ఏప్రిల్, అక్టోబరు రెండో సగం, నవంబరు బాగుంటాయి. జూన్ మధ్య నుంచి జూలై మధ్య దాకా ముసురు, ఆ తర్వాత ఉక్క. మే 1 సెలవులు, అక్టోబరు మొదటి వారం, చైనా కొత్త సంవత్సరం వారం మాత్రం అసలు వద్దు.

చివరగా కాగితాలు, డబ్బు. భారత పాస్‌పోర్టుకి చైనా వీసా కావాలి, మూడో దేశానికి వెళ్తూ మధ్యలో 240 గంటల దాకా వీసా లేకుండా ఆగనిచ్చే ట్రాన్సిట్ మినహాయింపు జాబితాలో మన దేశం లేదు. అమెరికా పాస్‌పోర్టున్నవాళ్లకి మాత్రం అది వర్తిస్తుంది, ఈ ఊళ్లున్న షాంఘై, జియాంగ్సు, జెజియాంగ్ మూడూ దాని పరిధిలోనే ఉన్నాయి. రైలుకీ చాలా టికెట్లకీ అసలు పాస్‌పోర్టే అడుగుతారు, జిరాక్స్ చెల్లదు. మన యూపీఐ అక్కడి దుకాణాల్లో పనిచేస్తుందని నమ్ముకోవద్దు. అక్కడి చెల్లింపుల యాప్ అలీపేలో మీ వీసా కార్డు గానీ మాస్టర్‌కార్డ్ గానీ ఇంటి దగ్గరే జోడించండి, బ్యాంకు యాప్‌లో విదేశీ లావాదేవీలు తెరిచి, ఓటీపీ వచ్చే సిమ్‌కి రోమింగ్ పెట్టించండి. 200 యువాన్లు దాటిన చెల్లింపు మీద 3 శాతం రుసుము పడుతుంది. చిన్న నోట్లు 200 యువాన్ల దాకా ఉంచుకోండి. గూగుల్ మ్యాప్స్ దారులు తప్పు చూపుతుంది, అక్కడి మ్యాప్ యాప్ ఆమాప్ వాడండి. తిరుగు ప్రయాణం ఐదున్నర, ఏడున్నర మధ్య పడితే షాంఘై చేరడానికి గంట అదనంగా లెక్కేసుకోండి. ఆ రాత్రే విమానం ఉంటే ఊరి నుంచి మధ్యాహ్నం మూడుకే బయల్దేరండి.